పెట్టెలో వెళ్ళిపోయిన చొక్కా

బెద్రియె గారికి ఏడుపు రాలేదు.

ఇస్తాంబుల్ సినిమాల్లో ఏ తల్లి గుండెలు బాదుకున్నా, ఏ ఇల్లాలు వాకిట్లో కూలబడినా, ఏళ్ళ తరబడి గొంతు మాత్రం ఆవిడదే. షూటింగులో శబ్దం పట్టే అలవాటు అక్కడెవరికీ లేదు. కెమెరా నూర్పిడి యంత్రంలా మోగుతుంటే పక్కన ఒకడు కాగితం చూసి డైలాగులు అరుస్తుంటాడు, నటులు వాటికి తగ్గట్టు పెదాలు కదుపుతారు. ఆ మూగ బొమ్మలకి తర్వాత డబ్బింగ్ గదిలో, కిటికీలకు దుప్పట్లు కట్టుకుని, బెద్రియె గారి లాంటివాళ్ళు ప్రాణం పోస్తారు. చేతిలో టీ గ్లాసు కింద పెట్టకుండానే ఒక విధవ ఏడుపు ఏడ్చేసి, ఆ గుక్కలోనే టీలో చక్కెర చాలలేదని చెప్పగల మనిషి ఆవిడ. అంతటి మనిషి ఆ పూట పొద్దుటినుంచీ ఒకే చిన్న సీను ముందు చతికిలబడిపోయింది.

తెరమీద ఒక పల్లెటూరి ఆడమనిషి. చేతుల్లో నీలి చారల చొక్కా. దాన్ని భుజాల దగ్గర పట్టుకుని, మనిషి ఎదురుగా నిలబడ్డట్టే చూస్తూ ఏదో అంటోంది. కన్నీళ్ళు లేవు. ఆ బొమ్మ అయిపోగానే మళ్ళీ మొదటికి వస్తోంది.

"నెజ్మీ, ఇలా రా," అని పిలిచింది బెద్రియె గారు. "కాగితంలో హసన్ అని రాశావు. ఈవిడ హసన్ అనడం లేదు. పెదాలు మూస్తోంది, చూడు. హసన్ అంటే పెదాలెందుకు మూసుకుంటాయి?"

"ఎలాగో సర్దండక్కా."

"సర్దడానికి ఇదేమన్నా పొట్టి కర్టెనా? మాటలు వేరు, ఊపిరి వేరు. నేను ఏడిస్తే ఆవిడ నన్ను చూసి నవ్వుతున్నట్టుంది." ఆవిడ చెవులకున్న హెడ్‌ఫోన్లు తీసి బల్లమీద పెట్టింది. "ఇంతకీ ఏమంటోంది? నువ్వు పక్కనే ఉన్నావుగా."

నెజ్మీ ఆ సినిమాకి డైరెక్టరు. పక్కనే ఉన్నాడు నిజమే. ఆ రోజు డైలాగులు అరిచేవాడు అరవడం మానేశాడు, లైట్లు మోసేవాళ్ళు గోడ పక్కకి పోయి ముక్కులు చీదుకున్నారు. నెజ్మీ మాత్రం ఎండ తగ్గకముందే అయిపోవాలని, కెమెరాలో ఫిల్ము అంతదాకా సరిపోవాలని దేవుడికి మొక్కుకుంటూ నిలబడ్డాడు. అంత గొప్ప మాట చెవిలో పడుతుంటే అతను వినలేదు.

వింటే బాగుండేది. అతని బతుకంతా ఆ సీను కోసమే కదా. పాటగాళ్ళ సినిమాలు, కోటీశ్వరుడి కూతురు డ్రైవర్ని ప్రేమించే సినిమాలు వరసగా తీసి పడేశాడు. ప్రతిదాని చివరా నిర్మాత షుక్రూ బే దగ్గర నిలబడి, "ఇప్పుడు నా సినిమా" అని అడిగాడు. పత్తి చేలల్లో కూలీల మీద సినిమా. అడిగి అడిగి, పెళ్ళి కావాల్సిన వయసు దాటిపోయాక, ఈ ఏడు దక్కింది. తీసినదంతా ఒక ఎత్తు, ఆ ఆడమనిషి పెదాల మీద ఆడిన ఆ కాసేపు ఒక ఎత్తు. అది అతనికి తెలుసు, బెద్రియె గారికీ తెలిసింది.

"వెళ్ళి ఆవిణ్ణే తీసుకురా," అందామె కోటు తొడుక్కుంటూ. "రాకపోతే గొంతన్నా తీసుకురా. నేను ఎంతమందికో అమ్మనయ్యాను గానీ, ఈవిడకి కాలేను."

*

రేడియోలో పనిచేసే స్నేహితుణ్ణి బతిమాలి టేప్ రికార్డరు పట్టుకుని నెజ్మీ అదానా బస్సెక్కాడు. ఆ పెట్టె పెళ్ళివారి సందూకంత బరువు. చేతులు మార్చుకుంటూ రోడ్డుదిగి చేలగట్టు మీద నడిచేసరికి భుజాలు పీకేశాయి.

పత్తి రెండో ఏరుడు సాగుతోంది. ఆడవాళ్ళు నడుములు వంచి, తలొక వరసా పట్టుకుని, నడుముకి కట్టుకున్న సంచుల్లోకి దూది వేస్తున్నారు. ఎండిన కాయల మొనలు గీసుకుని వేళ్ళనిండా నల్లటి చారలు. వాళ్ళలో ఆ తెరమీది ఆడమనిషిని, జొహ్రెని, దూరం నుంచే గుర్తుపట్టాడు. ఆమె కూడా తలెత్తి చూసింది. చూసిందే తడవు సంచి నడుమునుంచి విప్పి కింద పడేసి, తలగుడ్డ సర్దుకుంటూ, ఇంచుమించు పరుగులాంటి నడకతో వచ్చింది.

నెజ్మీ పెట్టె కింద దించి నిలబడ్డాడు. తన కోసం ఎవరూ అలా పరిగెత్తి వచ్చి ఎన్నాళ్ళయిందో.

ఆమె పలకరించలేదు. నేరుగా పెట్టె ముందు మోకాళ్ళమీద కూచుని, అడగకుండానే గొళ్ళెం లాగి మూత తెరిచింది. లోపల చక్రాలూ మీటలూ కనిపించాయి. మూత పక్కలా చూసింది, వైర్లున్న అర కూడా వేలితో తడిమి చూసింది.

"ఇందులో లేదే," అంది.

"ఏది లేదమ్మా?"

"చొక్కా."

నెజ్మీకి ముందు అర్థం కాలేదు. ఆమె లేచి గౌను దులుపుకుంది.

"మా వాడి చొక్కా బాబూ. ఆ రోజు మీవాళ్ళు అన్నిటితోపాటు మడిచి పెట్టెలో పెట్టేశారు. నేను జీపు వెంటబడ్డాను. పంపిస్తామన్నారు. మీరే అన్నారు, కిటికీలోంచి."

గుర్తొచ్చింది. జీపు కదిలాక ఎవరో ఆడమనిషి దుమ్ములో పరిగెత్తుతూ ఏదో అడిగింది. ఏ ఊళ్ళో షూటింగు చేసినా చివర్న అందరూ అడిగేది ఒక్కటే. ఫోటో. దానికి సినిమావాళ్ళందరూ చెప్పే జవాబూ ఒక్కటే. అతనూ చెయ్యి ఊపి, "పంపిస్తామమ్మా, పంపిస్తాం" అన్నాడు.

"ఫోటో అడుగుతున్నారనుకున్నాను."

"నాకు ఫోటో ఎందుకు బాబూ? నా మొహం నాకు తెలీదా?"

"అది మా బట్టల్లోదే అనుకున్నాం. మేం మీకొక చొక్కా ఇచ్చాం కదా, సీను కోసం."

"ఇచ్చారు. కొత్తది. దానిమీద ఎలా ఏడుస్తారు?" ఆమె అతని అమాయకత్వానికి జాలిపడింది. "రేపు దాన్ని బతికున్నవాడెవడో తొడుక్కుంటాడు. వాడికి కీడు కాదూ? అందుకే ఇంటికి పోయి మా వాడిది తెచ్చుకున్నాను. ట్రాలీ కాలవలో బోల్తాపడ్డనాడు వాడు వేరే చొక్కాలో ఉన్నాడు. ఇది మేకుకే ఉండిపోయింది. నేను ఉతకలా. పొద్దుగూకితే మెడ దగ్గర ముక్కు పెట్టుకునేదాన్ని. అంతే నాకు మిగిలింది."

ఆ చెప్పడంలో కోపం లేదు. కోపమొచ్చినా అతనికి సులువుగా ఉండేది. ఆకలి గురించి, అన్యాయం గురించి ఇంత సినిమా తీసినవాడు ఆమె ఇంట్లో మిగిలిన ఒక్క వస్తువూ ఎత్తుకుపోయి, ఆ సంగతి కూడా ఎరగడు. సిగ్గేసింది. అయినా సినిమావాడి బుద్ధి ఎక్కడికి పోతుంది. పెట్టె చూసుకుంటూ అడిగేశాడు.

"నేను తప్పకుండా పంపిస్తానమ్మా. ఎలాగూ వచ్చాను కదా... ఆ రోజు మీరు అన్నారే, ఆ మాటలు, ఒక్కసారి ఇందులో..."

జొహ్రె ఖాళీ అరచేతులు రెండూ అతనికి చూపించింది.

"దేనిమీద పాడను?"

ఎండలో వచ్చాడని ఆమే గుడిసెకి తీసుకెళ్ళి, పల్చటి రొట్టెలో ఉల్లిపాయ చుట్టి పెట్టి, చల్లటి మజ్జిగ ఇచ్చింది. తింటున్నంతసేపూ గోడకున్న మేకు అతనికి ఎదురుగానే ఉంది. లేచి పెట్టె ఎత్తుకుని వెనక్కి బస్సెక్కాడు.

*

బట్టల గిడ్డంగి చూసుకునే అర్తిన్ మాస్టారు అడగ్గానే చెప్పేశాడు, గర్వంగా కూడా.

"నీలి చారలదేగా? అది మరిచిపోయే గుడ్డా? ఈ రోజుల్లో అలాంటి నేత ఎక్కడుంది? పల్లెల నుంచి ఏదొచ్చినా ముందు మరిగే సబ్బునీళ్ళల్లోకే తోస్తాను నేను, పేలుంటాయి. రెండుసార్లు ఉతికించాను. గంజిపెట్టాను. దాని మీద మరకల్లేవు, వాసనల్లేవు, కావాలంటే పెళ్ళికి తొడుక్కెళ్ళు."

"ఇప్పుడెక్కడుంది?"

"తుర్గుత్ గారి ఒంటిమీద. పేద డ్రైవరు వేషం. జలసంధి ఒడ్డున బంగళాలో షూటింగు."

నెజ్మీ అక్కడికి వెళ్ళేసరికి పేద డ్రైవరు పాలరాతి మెట్లమీద కూచుని ద్రాక్షపళ్ళు తింటున్నాడు. గులాబీ చెట్ల మధ్య షుక్రూ బే పచార్లు చేస్తున్నాడు. నెజ్మీ సంగతంతా చెప్పాడు. షుక్రూ బే చివరిదాకా విన్నాడు, ఆ మాటకొస్తే ఆయన చెడ్డమనిషేం కాదు.

"ఇంకా సీన్లున్నాయి దాంతో," అన్నాడు. "గేటు బయట ఈ చొక్కాలో ఉన్నవాడు గేటు లోపల ఇంకో చొక్కాలో ఉంటే జనం నవ్వరూ? అలాంటిదే ఇంకోటి కుట్టించి ఆవిడకి పంపు. ముసలావిడకి తేడా ఏం తెలుస్తుంది?"

"తెలుస్తుందండీ."

"నా ఒంటిమీద గుడ్డ ఊడదీయడానికి వచ్చావా నెజ్మీ?" అని నవ్వాడు తుర్గుత్. "నీ సినిమాలో బీదాళ్ళు చాలలేదా, నన్ను కూడా కలుపుతున్నావు?"

నెజ్మీ నవ్వలేదు. అది చూసి షుక్రూ బే అతని భుజం మీద చెయ్యేసి గులాబీల వైపు నడిపించాడు.

"సరే, పట్టుకుపో. జరిగిన సీన్లు నేను మళ్ళీ తీయించుకుంటాను. కానీ చలికాలంలో పాటగాడి సినిమా ఉంది. గుడ్డి పిల్ల, తెల్ల గుర్రం, క్లైమాక్సులో ఆపరేషను. అది నువ్వే తియ్యాలి. దాని తర్వాతదీ నువ్వే. బీదాళ్ళ సినిమాలు ఇక కొన్నాళ్ళు పక్కన పెట్టు. అదానా డిస్ట్రిబ్యూటరు ఇప్పటికే నా ప్రాణం తోడేస్తున్నాడు."

ఆ గుడ్డి పిల్లలనించీ గుర్రాలనించీ తప్పించుకోవడానికే నెజ్మీ ఇన్నాళ్ళు పళ్ళు బిగపట్టుకుని బతికాడు. ఇంకెప్పుడూ తియ్యనని స్నేహితుల ముందు ఒట్టేసుకున్నాడు కూడా. నీళ్ళమీద ఓడ ఒకటి మెల్లగా దాటిపోయేదాకా చూసి, "తీస్తానండీ" అన్నాడు. తుర్గుత్ మెట్లమీదే బొత్తాలు విప్పి, వెచ్చగా ఉన్న చొక్కా అతని చేతిలో పెట్టాడు. దానినిండా కొలోన్ వాసన.

*

జొహ్రె గుడిసె ముందు చాపమీద కూచుని చొక్కా విప్పింది. మెడ దగ్గర మొహం పెట్టింది. తీసి, మళ్ళీ పెట్టింది. చంకల దగ్గర, చేతుల మడతల్లో, జేబు లోపల వెతికింది. నెజ్మీ నిలబడే ఉన్నాడు. కూచోమని ఆమె అనలేదు, అంటే కూచోగలిగేవాడూ కాదు.

"సబ్బు," అంది చివరికి. మళ్ళీ వాసన చూసి, "అత్తరు కూడా. ఎవరు తొడుక్కున్నారు?"

"ఒక నటుడమ్మా."

"బతికున్నవాడేగా?"

"బతికే ఉన్నాడు."

"చల్లగా ఉండనీ."

మోచేతి దగ్గర తను వేసిన కుట్టు దొరికింది ఆమెకి. దాన్ని బొటనవేలితో నిమిరింది. కోడి ఒకటి చాపమీదికెక్కితే అదిలించింది. తర్వాత కళ్ళెత్తి పెట్టెకేసి చూసింది.

"మాట కోసం కదా నాయనా వచ్చావు. పెట్టుకో."

అప్పటిదాకా మీరు, బాబూ అన్న మనిషి మొదటిసారి నువ్వు అంది. నెజ్మీ చాపమీద పెట్టె తెరిచి, టేపు నాడా ఎక్కించి, మైకు ఆమె ముందు పెట్టాడు. చక్రాలు తిరగడం మొదలైంది. అతను వెనక్కి జరగబోతే ఆమె చొక్కా అతని చేతుల్లో పెట్టింది.

"భుజాల దగ్గర పట్టుకో. ఎత్తి పట్టుకో, నేలకి తగలకూడదు. ఇంట్లో వేరే మగవాళ్ళు లేరు. నేను ఆపేదాకా దించకు."

అతను పట్టుకున్నాడు. ఆమె ఆ చొక్కాకేసి చూస్తూ మొదలుపెట్టింది. పాటా కాదు, మాటా కాదు, నూలు వడికినట్టు ఒకే తీరుగా సాగింది.

*కాలవ గట్టున పత్తి విచ్చింది, ఇబ్రామ్,*
*నీ సంచి ఖాళీగా వేలాడుతోంది.*
*ట్రాలీ తోలినోడు బజారులో ఉన్నాడు, ఇబ్రామ్,*
*ట్రాలీ కింద పడ్డోడు మట్టిలో ఉన్నాడు.*

ఆ పెదాలు ఎవరి కోసం మూసుకున్నాయో అప్పుడు తెలిసింది నెజ్మీకి. తెరమీద అన్నిసార్లు చూసిన ఆ పెదాలు ఇప్పుడు అడుగు దూరంలో ఉన్నాయి. పిల్లవాడి పేరేమిటని ఆనాడు తనుగానీ, తన మనుషుల్లో ఒక్కరుగానీ అడగనే లేదు. చేతులు నొప్పెట్టసాగాయి. ఆమె ఎత్తుకున్న గొంతు దించలేదు.

*దొరలొచ్చి నీ చొక్కా అడిగారు, ఇబ్రామ్,*
*పెట్టెలో పెట్టుకుని దాటిపోయారు.*
*నీ చెమటంతా ఏట్లో కలిపారు, ఇబ్రామ్,*
*నాకు ఉత్త గుడ్డ తెచ్చి ఇచ్చారు.*

అతని మొహం మీదే అందామాట. పగబట్టి కాదు. పోయినవాడికి జరిగిందంతా చెప్పుకోవాలి కాబట్టి చెప్పుకుంది. కాలవా, ట్రాలీ, దొరలూ అన్నీ వరసలో వచ్చాయి. నెజ్మీ చేతులు దించలేదు. దించి ఎక్కడ దాక్కుంటాడు గనక?

అయిపోయాక ఆమె చొక్కా తీసుకుని ఒళ్ళో పెట్టుకుంది. "వినిపించు" అంది.

నాడా వెనక్కి తిప్పి పెట్టాడు. తన గొంతు పెట్టెలోంచి రాగానే ఆమె ఉలిక్కిపడి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. కొడుకు పేరు వచ్చినప్పుడల్లా తల ఊపుతూ వింది. ఎవరో పెద్ద మనిషి తన కొడుకు గురించి నలుగురిలో మంచిమాట చెబుతున్నట్టు వింది.

"ఇది ఈ నాడాలోనే ఉంటుందా?"

"ఉంటుందమ్మా."

"ఎన్నాళ్ళు?"

"మనం పోయాక కూడా."

"పోదా? కడిగినా?"

"పోదు."

"అయితే ఇది నాకు ఇచ్చి పో."

నెజ్మీ చెయ్యి చక్రం మీదికి పోయింది. ఇన్నేళ్ళ ఆరాటం ఆ నాడాలో తిరుగుతోంది. బెద్రియె గారు ఆ గొంతు విని నిలబడిపోవడం, చీకటి హాలులో జనం ఊపిరి బిగపట్టడం, అన్నీ బస్సులో వస్తూనే చూసేసుకున్నాడు.

"తప్పకుండా మీకే అమ్మా. ఇస్తాంబుల్‌లో దీనికి ఇంకో నకలు తీయించుకుంటాను. వారం తిరక్కుండా దీన్ని పంపించేస్తాను."

జొహ్రె అతనికేసి చూసింది. ఆ చూపులో నిష్ఠూరం కూడా లేదు.

"చొక్కాకీ అదే అన్నావు నాయనా."

అతను ఇంకేదో చెప్పబోయాడు. ఈసారి తనే స్వయంగా తెస్తానని, రెండుసార్లు రాలేదా అని. నోటిదాకా వచ్చిన ఆ మాటలన్నీ జీపు కిటికీలోంచి అన్నట్టే వినిపించాయి అతనికి. వంగి మీట నొక్కి, చక్రం ఊడదీసి, నాడా కొస లోపలికి దోపి ఆమె చేతిలో పెట్టాడు.

"వినాలంటే పెట్టె కావాలమ్మా. మా స్నేహితుడిదే, ఇదీ ఉంచుకోండి."

"పెట్టె ఎవరిదో స్నేహితుడిదన్నావుగా. వాడిది వాడికి ఇచ్చెయ్యి," అంది. "ఉందని తెలిస్తే చాలు నాకు."

చక్రాన్ని చొక్కా మధ్యలో పెట్టి, చేతులు రెండూ దానిమీదికి మడిచి, లోపలికి తీసుకెళ్ళింది.

*

రోడ్డెక్కేసరికి పత్తి కూలీల ట్రాలీ ఒకటి అదానా వైపు పోతూ ఆగింది. ఆడవాళ్ళు జరిగి చోటిచ్చారు. నెజ్మీ ఖాళీ పెట్టె ఒళ్ళో పెట్టుకుని, మూటల మధ్య కూచున్నాడు.

నకలు లేదు కాబట్టి తనే నకలు కావాలనుకున్నాడు. బెద్రియె గారికి చెప్పడానికి కనీసం ఆ తీరన్నా దక్కించుకోవాలి. కళ్ళు మూసుకుని, కాలవ గట్టు దగ్గర మొదలుపెట్టి లోలోపల కూనిరాగం తీశాడు. ట్రాక్టరు చప్పుడు మాటిమాటికీ దాన్ని తెంపేస్తోంది. మళ్ళీ మొదట్నించీ ఎత్తుకుంటే రెండో పాదం ఒకసారి ఒకలా, ఇంకోసారి ఇంకోలా వస్తోంది. ఆమె ఎక్కడ ఊపిరి పీల్చిందో పోయింది. ఆ గొంతులోని గరుకు ముందే పోయింది. చేతుల్లోంచి నీళ్ళు జారినట్టు జారిపోతుంటే దాన్ని పట్టుకోవాలని, తనకి తెలియకుండానే గొంతు పెంచాడు.

పక్కనున్న పెద్దావిడ అతని మోకాలు తట్టింది.

"ఎవరు పోయారు నాయనా నీకు?"

ఎవరూ పోలేదని చెప్పబోయాడు. నోరు తిరగలేదు.

"ఇబ్రామ్," అన్నాడు.

"జొహ్రె కొడుకా?" ఆవిడ అతని కోటుకేసీ, పెట్టెకేసీ ఒకసారి చూసి, ఏ బంధువో అనుకుని తల ఊపింది. "రెండు చేతులతోనూ ఏరేవాడు. మాకు వరస వెనకబడితే తన వరస వదిలేసి వచ్చి సాయం పట్టేవాడు. నీకు తెలిసే ఉంటుందిలే."

తెలీదని నెజ్మీ చెప్పలేదు. ఇంకా చెప్పమని ఆవిడ వైపు జరిగి కూచున్నాడు.